కత్తి కొసన పుట్టిన మాట

పదిహేనేళ్ల కిందట ఒక ఇంగ్లీషు నవలను తెలుగు చేస్తూ నేను ఒక మాట దగ్గర తప్పటడుగు వేశాను. ఆ తప్పు అచ్చుపడి నిలిచి ఉన్నది. సమీక్షకులెవరూ దానిని ఎత్తి చూపలేదు. నాకు నేనుగా తెలుసుకొనడానికి చాలాకాలం పట్టినది. ఆ నవలలో ఒక వృద్ధుడున్నాడు. ఉదారుడు, ఆడినమాట తప్పనివాడు. అయితే తన వంశవృక్షాన్ని గురించి, దొరికినవారికి దొరికినట్లు గంటలకొద్దీ చెప్పకుండా ఉండలేడు. ఆయన చెల్లెలు ఇంటికి వచ్చిన అతిథితో నవ్వుతూ, అన్నగారికి ఉన్న 'ఫాయిబుల్' అదొక్కటే అంటుంది. నిఘంటువు తెరిచి చూశాను. లోపము, దోషము, బలహీనత అని మూడు అర్థాలు కనబడినవి. నడిమిదానిని ఏరుకొని, "మా అన్నలో ఉన్న దోషం అదొక్కటే" అని రాశాను.

పుస్తకం వెలువడిన తరువాత ఒక పాఠకుడు జాబు రాశాడు. నవల బాగున్నదనీ, ఆ చెల్లెలు మాత్రం చాల కఠినురాలనీ, కొత్తమనిషి ఎదుట సొంత అన్నకు దోషం అంటగట్టడానికి ఆమెకు నోరెట్లా వచ్చినదో తెలియదనీ ఆయన వాపోయినాడు. మూలంలో అన్నను అంతగా ప్రేమించే మనిషి ఆమె తప్ప మరొకరు లేరు. ఆమె ప్రేమ అంతా ఆ ఒక్క మాటలోనే ఉన్నది. నేను ఆ మాటను మార్చి ఆమె ప్రేమను తుడిచివేశాను. ఒక మాటకు సరియైన అర్థం రాయకపోవడంవల్ల ఒక మనిషికి అన్యాయం జరగవచ్చునని నాకు తెలిసినది అప్పుడే. ఈ వ్యాసం ఆ అన్యాయానికి ఆలస్యంగా చేస్తున్న పరిహారం అనుకొనవచ్చును.

'ఫాయిబుల్' అనేది ఇంగ్లీషులో అరుదుగా వాడే మాట. దాని పుట్టుక కత్తిసాము గరిడీలో. పదిహేడవ శతాబ్దంలో ఫ్రెంచి సాము గురువులు కత్తి అలుగును రెండు భాగాలుగా విభజించి శిష్యులకు పాఠం చెప్పేవారు. పిడికి దగ్గరగా ఉండే బలమైన భాగానికి ఒక పేరు. నడిమినుంచి కొసవరకు ఉండే పలుచని భాగానికి మరొక పేరు. మొదటిది ఇంగ్లీషులోనికి 'ఫోర్టే'గా వచ్చినది. రెండవది 'ఫాయిబుల్'. ఇవి ఆ శతాబ్దపు నడిమికాలంలో కత్తిభాగాల పేర్లుగానే ఇంగ్లీషులో ప్రవేశించినవి. కొద్దికాలంలోనే 'ఫాయిబుల్' మనిషి స్వభావంలోని మెతకచోటుకు పేరయినది. 'ఫోర్టే' కూడా మనిషికి చేయితిరిగిన విద్యకు పేరయినది. ఈనాడు ఈ మాటలను వాడేవారిలో నూటికి తొంబదిమంది చేత కత్తి పట్టినవారు కారు. తమ నోట ఆడుతున్నది ఒకే కత్తికి ఉన్న రెండు భాగాల పేర్లని వారికి తోచదు.

'ఫోర్టే' చరిత్రలో ఒక చిన్న వినోదం ఉన్నది. ఫ్రెంచి మూలంలో చివర ఆ 'ఏ'కారం లేదు. ఇంగ్లీషువారు తరువాతి కాలంలో ఇటలీ భాషవలె కనబడేటట్లు ఒక అక్షరం తగిలించుకొన్నారు. సంగీతంలో గట్టిగా వాయించమని చెప్పే 'ఫోర్టే' నిజంగా ఇటలీ మాట. ఇది వేరు, అది వేరు. రెండూ చివరకు బలం అనే అర్థం గల లాటిన్ శబ్దంనుంచి వచ్చినవే కనుక అన్నదమ్ముల బిడ్డలనవచ్చును.

'ఫాయిబుల్' పూర్వచరిత్ర ఇంతకన్న హృదయాన్ని తాకేది. దాని మూలం లాటిన్‌లో 'ఏడ్వదగినది' అనే అర్థం గల మాట. దానినుంచి పాత ఫ్రెంచిలో దుర్బలం అనే అర్థంలో ఒక మాట ఏర్పడి, ఇంగ్లీషులోనికి రెండుసార్లు దిగుమతి అయినది. మధ్యయుగంలో వచ్చినప్పుడు 'ఫీబుల్' అయినది. అది రోగినీ, ముదుసలినీ, శక్తి ఉడిగినదానినీ చెప్పే మాట. కొన్ని శతాబ్దాల తరువాత కత్తి వెంట మళ్లీ వచ్చినప్పుడు 'ఫాయిబుల్' అయినది. మొదటిది వింటే జాలి కలుగుతుంది. రెండవది వింటే చిరునవ్వు వస్తుంది. ఏడుపునుంచి పుట్టిన మాట నవ్వు దగ్గరకు వచ్చి ఆగినదన్నమాట. ఫ్రెంచివారు తమ మాటను తరువాత 'ఫేబ్ల్' అని మార్చుకొన్నారు. పాతరూపం పుట్టినింట పోయి మెట్టినింట మిగిలినది. ఒకదానిపై మనసు పారేసుకొనడాన్ని కూడా ఫ్రెంచివారు ఆ మాటతోనే చెబుతారు. బలహీనత, మక్కువ ఒకే గూటి పక్షులని వారికి తెలుసును.

నేనుండే ఊరిలో ఇటువంటి సంగతి ఆశ్చర్యం కలిగించదు. టెల్కో అనే సంస్థ 1945లో ఏర్పడి మొదట రైలు ఇంజన్లు, 1954నుంచి లారీలు తయారుచేసినది. 2003లో దాని పేరు టాటా మోటార్స్ అయినది. కాని మేము ఇప్పటికీ ఉంటున్నది టెల్కో కాలనీలోనే. 2000లో బీహారునుంచి విడివడి ఈ ప్రాంతం జార్ఖండు అయినా, జంషెడ్‌పూరు తెలుగువారి ఇళ్లలో వినబడేది శ్రీకాకుళపు యాసయే. వస్తువు మారినా పేరు నిలుస్తుంది. రాష్ట్రం మారినా పలుకు నిలుస్తుంది. కత్తి ఒరలోనుంచి వస్తుప్రదర్శనశాలకు పోయినా, కత్తి కొసకు పెట్టిన పేరు మనిషి స్వభావానికి అంటుకొని బతికి ఉండడం అటువంటిదే.

ఉక్కు ఊరిలో ఉంటూ ఉక్కు మాట తలచుకొనకపోవడం న్యాయం కాదు. కత్తికి సంబంధించి మన వైపునుంచి ఇంగ్లీషుకు వెళ్లిన మాట కూడా ఒకటి ఉన్నది. 1795లో లండన్ రాయల్ సొసైటీ పత్రికలో జార్జి పియర్సన్ అనే శాస్త్రజ్ఞుడు భారతదేశంనుంచి వచ్చిన ఒక ఉక్కును గురించి వ్యాసం ప్రకటించినాడు. ఆ ఉక్కును అక్కడివారు 'ఊట్జ్' అన్నారు. అది తెలుగు, కన్నడాలలోని మన 'ఉక్కు'కే వచ్చిన వికారమని పలువురి అభిప్రాయం. నిజామాబాదు జిల్లా కోనసముద్రంలో తయారైన ఉక్కు కోసం పారశీక వర్తకులు అంతదూరం వచ్చేవారని పందొమ్మిదవ శతాబ్దపు రాతలవల్ల తెలుస్తున్నది. కత్తి గట్టిదనానికి మనం మాట ఇచ్చినాము. కత్తి మెతకదనానికి వారినుంచి మాట పుచ్చుకొనవలసి వచ్చినది. పుచ్చుకొన్నప్పుడు దాని అర్థాన్ని పూర్తిగా పుచ్చుకొన్నామా అన్నదే ప్రశ్న.

ఆ అర్థం పూర్తిగా తెలియాలంటే గరిడీలోనికి మళ్లీ పోవలసి ఉన్నది. ఎదుటివాని దెబ్బ కాచుకొనడానికి సాముకాడు తన కత్తి పిడి దగ్గరి భాగాన్ని వాడతాడు. చేతికి దగ్గరగా ఉన్నది కనుక అక్కడ బలమెక్కువ, తులాదండ న్యాయమే. ఎదుటివాని కత్తి కొసభాగం తన కత్తి మొదటిభాగానికి చిక్కితే దానిని సులువుగా పక్కకు నెట్టవచ్చును. ఈ అర్థంలోనే కొసభాగం దుర్బలం. కాని ఎదుటివానిని తాకేది ఏది? పొడవడానికి వాడే కత్తికి మొన ఉండేది ఆ దుర్బల భాగంలోనే. తేలికగా, చురుకుగా కదిలేది అదే. మొదటి భాగం కాపాడుతుంది; చివరి భాగం తాకుతుంది. అలుగంతా మొదటి భాగమంత మందంగా ఉంటే అది గడ్డపార అవుతుంది గాని కత్తి కాదు.

దీనినిబట్టి మూడు సంగతులు తేలుతున్నవి. మొదటిది, ఫాయిబుల్ కత్తికి పట్టిన తుప్పు కాదు, పగులు కాదు. కత్తి కత్తిగా ఉండడానికి తప్పనిసరి అయిన భాగం. రెండవది, బలమూ బలహీనతా ఒకే లోహంలో, ఒకే అలుగులో ఉన్నవి. ఒకటి సన్నగిల్లుతూ పోయి రెండవది అవుతుంది. మూడవది, మనిషి మనను తాకేది తరచుగా ఆ మెతకచోటుతోనే. దోషం అన్న మాటలో ఈ మూడింటిలో ఒక్కటీ లేదు. దోషం తొలగించదగినది. లోపం పూరించదగినది. ఫాయిబుల్ తొలగిస్తే మనిషి మిగలడు.

అయితే మన భాషకు కత్తినుంచి మనిషికి మాటలు తెచ్చుకొనే అలవాటు లేదా? ఉన్నది. ముప్పది అంగుళులకు మించిన పొడవు గలది కనుక ఖడ్గానికి నిస్త్రింశమని పేరు. ఆ శబ్దమే విశేషణమై దయలేనివానిని చెప్పుతుంది. కష్టమైన పనిని కత్తిమీద సాము అంటాము. కఠినమైన నియమాన్ని అసిధారావ్రతం అంటాము. ఒకే ఒరలో రెండు కత్తులు ఇమడవని పొసగనివారిని చూసి అంటాము. కత్తినుంచి మనం వాడిని, క్రౌర్యాన్ని, అపాయాన్ని, ఒంటరితనాన్ని తెచ్చుకొన్నాము. దాని మెతకదనాన్ని మాత్రం తెచ్చుకొనలేదు. 'ఫోర్టే' విషయంలో మాత్రం మనకు చక్కని మాట ముందే ఉన్నది. ఫలానా ఆయనకు వ్యాకరణంలో మంచి పట్టు ఉన్నదంటాము. పట్టు అంటే పిడికిలి బిగించి పట్టుకొనడం. కత్తి బలమంతా పట్టు దగ్గరనే ఉన్నదని ఫ్రెంచి గురువు చెప్పినది, మనవాడు ఏ గరిడీ తలచుకొనకుండానే చెప్పినాడు.

మరి రెండవదానికో? సమాధానం నాకు నిఘంటువులో దొరకలేదు. పొరుగింటి అరుగుమీద దొరికినది. మా వీథిలో ఒక పెద్దాయన ఉన్నాడు. శ్రీకాకుళం ప్రాంతంనుంచి పిన్నవయసులో వచ్చి, కర్మాగారంలో పనిచేసి, విశ్రాంతి పుచ్చుకొని చాలా ఏళ్లయినది. ఇప్పటికీ తెల్లవారుజామున లేచి, బట్టలు మార్చుకొని, కర్మాగారపు కూత వినబడేవరకు గడపలో నిలబడి, కూత కాగానే చేతి గడియారం సరిచూసుకొని, అప్పుడు లోపలికి పోయి కాఫీ తాగుతాడు. ఒకనాడు నేను చూసి నవ్వుతుంటే ఆయన భార్య గుమ్మంలోనికి వచ్చి, "నవ్వీకండి మాస్టారూ. ఈయన చాదస్తం ఈయనది. ఎవరికేటి నష్టం?" అన్నది. ఆమె గొంతులో విసుగు ఉన్నది. ఆ విసుగు అడుగున నలుబదేళ్ల కాపురం ఉన్నది. నాకు వెంటనే నా నవలలోని చెల్లెలు జ్ఞాపకం వచ్చినది. ఆ చెల్లెలు అన్న మాట ఇదే గదా!

చాదస్తం అన్న మాట ఎక్కడిది? ఛాందస శబ్దానికి వికృతి. ఛందస్సు అంటే వేదం. ఛాందసుడంటే వేదం చదివినవాడు. స్వరం తప్పకుండా, అక్షరం జారకుండా, ఏండ్లకొద్దీ గురుముఖతః నేర్చి వేదాన్ని నిలిపినవాడు ఆయన. ఆ నిష్ఠయే ఆయన బలం. ఆ నిష్ఠనే అంగడికి తీసుకొనిపోయి కందులు కొలిచే చోట కూడా చూపితే లోకం నవ్వుతుంది. బలం తన చోటు దాటి కొసవరకు సాగేసరికి చాదస్తమైనది. అక్కడ గరిడీ, ఇక్కడ వేదపాఠశాల. అక్కడ కత్తి, ఇక్కడ స్వరం. రెండు జాతులూ మనిషిలోని ఆ మెతకచోటుకు పేరు పెట్టవలసివచ్చినప్పుడు, దుర్గుణాల జాబితాలోనికి పోలేదు. తాము గౌరవించే విద్యలోనికే పోయి పేరు తెచ్చుకొన్నవి. ఇది యాదృచ్ఛికమని నేను అనుకొనను. మన మెతకదనం మన బలానికి పొరుగుననే ఉంటుందని ఇద్దరికీ అనుభవంవల్ల తెలిసి ఉండాలి.

పెద్దాయన భార్య అడిగిన "ఎవరికేటి నష్టం" అన్న ప్రశ్నను లక్షణంగా స్వీకరించవచ్చునా? కొంతవరకే. గోల్డ్‌స్మిత్ 1766లో ప్రకటించిన 'వికార్ ఆఫ్ వేక్‌ఫీల్డ్' నవలలో ప్రిమ్‌రోజు అనే మతాచార్యునికి ఒక సిద్ధాంతం ఉన్నది: ఆచార్యుడు భార్య గతించినా రెండవ వివాహం చేసికొనరాదు. సమయం కాని సమయంలో, కాబోయే వియ్యంకునితోనే ఆ వాదానికి దిగుతాడు. ఆ వియ్యంకుడో, మరల పెండ్లికి సిద్ధపడుతున్నవాడు! కొడుకు వివాహం బెడిసికొట్టడానికి అదికూడా దోహదం చేసినది. నష్టం జరిగినది గదా. అయినా పాఠకుడు ఆయనను దోషి అనడు. ఎందుచేత? ఆ వాదం ఆయన సత్యనిష్ఠకు చివరి కొస కనుక. మూలం తెలిసినవాడు క్షమిస్తాడు. కనుక నష్టం ఉన్నదా లేదా అన్నదానికన్న, అది ఏ బలానికి కొస అన్నదే లక్షణం.

ఈ నవల ఛాయ వీరేశలింగం పంతులుగారి 'రాజశేఖర చరిత్రము'లో ఉన్నదని విమర్శకులు చెబుతూ వచ్చినారు. 1880లో పుస్తకరూపం పొందిన ఆ నవలలో ధవళేశ్వరపు రాజశేఖరుడు ఉదారుడు. పొగిడినవారికి పెట్టి, బంగారం చేస్తానన్న కపటిని నమ్మి, ఉన్నదంతా పోగొట్టుకొంటాడు. ఉదారత పిడి, పొగడ్తకు లొంగడం కొస. ఇక్కడ కూడా ఒకే అలుగు. కాని పంతులుగారు గోల్డ్‌స్మిత్ వలె చిరునవ్వుతో ఊరుకొనలేదు. మూఢవిశ్వాసం ఆయన దృష్టిలో కొంపలు కూల్చే దోషం. సంస్కర్తకు నవ్వి ఊరుకొనే తీరిక లేదు. ఇంగ్లీషులో ఫాయిబుల్‌గా ఉన్నది తెలుగులో దోషంగా మారినది. నేను తెలియక చేసిన పనిని ఆయన తెలిసి, ఒక ప్రయోజనం కోసం చేసినారు. ఆ భేదం గుర్తించకుండా, తెలుగు నవల హాస్యంలో ఒక మెట్టు దిగినదని అనడం సరికాదు.

ఈ రెంటికీ మధ్య గీత గీయడంలో మనకు గురువు గురజాడ. 1892లో విజయనగరంలో ప్రదర్శితమై, 1897లో అచ్చయి, 1909లో సమూలంగా పెంచి రాయబడిన 'కన్యాశుల్కం'లో ఆయన మనుషులకు చాదస్తాలు ఎన్నో పెట్టినాడు. అగ్నిహోత్రావధాన్లకు ముక్కుమీద కోపం, వ్యాజ్యాల పిచ్చి ఉన్నవి. చూసి నవ్వుతాము. అదే మనిషి చిన్నపిల్లను ముసలివానికి అమ్మబోయినప్పుడు నవ్వు ఆగిపోతుంది. గిరీశం ఇంగ్లీషు కోతలు వింటే నవ్వుతాము. బుచ్చమ్మ విషయంలో అతని మాటకారితనం ఎక్కడికి పోతున్నదో చూస్తే నవ్వుతూనే జంకుతాము. నాటకమంతా ఫాయిబుల్ దోషంగా మారే క్షణాలను పట్టుకొని చూపుతుంది. సౌజన్యారావు పంతులు మరీ విశేషం. ఆయన శీలం ఆయన పట్టు. వేశ్యలను చూడనైనా చూడనన్న బిగువు ఆ శీలానికి కొస. మధురవాణి మారువేషంతో వచ్చి సరిగా ఆ కొసనే పట్టుకొని ఆయనను కదిలిస్తుంది. ఆమె అతనిని ఓడించలేదు, మనిషిని చేసినది. సాము తెలిసినవారు కత్తిని తాకే చోటు ఏదో గురజాడకు బాగా తెలుసును.

ఈ సందర్భంలో మన విమర్శను గురించి ఒక మనవి. గుణదోష విచారణ అన్న రెండు గదుల ఇంట్లో మనం చాలాకాలంగా కాపురం ఉంటున్నాము. పాత్రను గాని, కవిని గాని తీసుకొని, ఇవి గుణాలు ఇవి దోషాలు అని పంచిపెట్టి లేస్తాము. ఒక కవికి విశేషణాలమీద మోజు ఉంటుంది. మరొకరికి పునరుక్తి ఉంటుంది. కథకులలో ఒకరు చివరికి వచ్చేసరికి నీతి చెప్పకుండా ఉండలేరు. వీటిని దోషాల పట్టీలో చేర్చి, ఇవి లేకుంటే ఎంత బాగుండేదో అంటాము. లేకుంటే ఆ కవి ఉండేవాడా అని అడుగము. ఆ మోజు ఏ బలానికి కొసయో చూపడం విమర్శకుని పని. అట్లని ప్రతి తప్పునూ చాదస్తమని ముద్దుచేయమని నేననడం లేదు. పరుల రచనను తనదిగా చెప్పుకొనడం చాదస్తం కాదు. పదునులేని పద్యం చాదస్తం కాదు. తుప్పును కొస అని చెప్పి అమ్మేవాడు కూడా ఉంటాడు. రెంటినీ వేరుచేయగల కన్ను కావాలి.

అనువాదకులకు నేను చెప్పగలిగినది స్వల్పం. ఈ మాటకు ఎప్పుడూ ఒకే తెలుగు మాట పెట్టకూడదు. తిండి విషయమైతే జిహ్వచాపల్యం అన్న మాట మనకు సిద్ధంగా ఉన్నది. చీట్లాట, చదరంగం వంటివైతే పిచ్చి అంటే చాలును. ఆ మాటలో మన ఇళ్లలో కోపంకన్న చనువే ఎక్కువ. కడగొట్టు బిడ్డ ఎదుట తండ్రి మెత్తబడితే బలహీనత అనవచ్చును. అలవాటు, నియమం, పాండిత్యం, వంశగౌరవం వంటి మంచివి ముదిరినచోట చాదస్తాన్ని మించినది లేదు. దోషం అన్న మాటను మాత్రం, మూలంలో చెప్పేవారి పెదవిమీద నవ్వు లేదని నిశ్చయించుకొన్న తరువాతనే వాడాలి. మాట అర్థం చూడడానికి నిఘంటువు చాలును. మాట వెనుక ఉన్న ముఖం చూడడానికి నిఘంటువు చాలదు.

నా నవల రెండవ ముద్రణకు నోచుకొంటుందో లేదో తెలియదు. నోచుకొంటే ఆ వాక్యం "మా అన్న చాదస్తం అదొక్కటే" అని ఉంటుంది. అప్పుడు ఆ చెల్లెలు మళ్లీ నవ్వగలదు. ఆమెను కఠినురాలన్న పాఠకుడు ఆ ప్రతిని చూడాలని నా కోరిక. మూడువందల పుటల గ్రంథంలో ఒక్క మాటకోసం ఇంత ఆరాటం దేనికని ఎవరైనా అడిగితే, నా దగ్గర సమాధానం సిద్ధంగా ఉన్నది: నా చాదస్తం నాది.